నేపుల్స్ మంచు, పెద్దపల్లి పంచ్
చలువ చరిత్ర: తొమ్మిదో భాగం

షరాబ్, షర్బత్ ఒకే కడుపున పుట్టిన అన్నదమ్ములు. అరబ్బీలో 'షరిబ' అంటే తాగాడు అని. తాగేది ఏదైనా షరాబ్, ఒక్క గుక్కయితే షర్బా. పారశీకం మీదుగా ఉర్దూ దాకా వచ్చేసరికి పెద్దాడు సావాసాలు మరిగి మద్యం అనే ఒక్క అర్థానికే అంకితమైపోయాడు. చిన్నాడు మాత్రం పండ్లరసం, చక్కెర, గులాబీనీరు, దొరికితే పిడికెడు మంచు, ఇంతటితో సరిపెట్టుకుని బుద్ధిగా ఉండిపోయాడు. (నాణెం మంచిదో చెల్లనిదో చూసి చెప్పే మన షరాబుగారికీ ఈ కుటుంబానికీ చుట్టరికం లేదు. ఆయనది 'సర్రాఫ్' వంశం.)

కిందటి భాగంలో హిమాలయాల మంచు పడవలెక్కి అక్బరు కొలువున్న లాహోరుకు చేరడం చూశాం. మంచు లేని చోట సురేకారం కలిపిన నీళ్ళలో కూజాను తిప్పి మంచినీళ్ళు చల్లబరిచే పద్ధతిని అబుల్ ఫజల్ రాసిపెట్టడమూ చూశాం. ఆ సురేకారాన్ని గుర్తుంచుకోండి. ఈ భాగంలో అది ఇటలీలో తేలుతుంది.

ఈ అన్నదమ్ముల తగవులో ఒక చిత్రం ఉంది. మద్యం కూడదన్న సమాజంలో విందుకు గౌరవం తెచ్చే బాధ్యత అంతా షర్బత్ మీద పడింది. అందుకే ఆ కళ అక్కడ అంతగా పండింది. చాటున తాగేవాళ్ళు లేరని కాదు. తన తాగుడు సంగతి జహంగీరు స్వయంగా ఆత్మకథలో రాసుకున్నాడు. కానీ పదిమందిలో, పెళ్ళిలో, దర్బారులో చేతికిచ్చేది షర్బతే. అటు ఐరోపాలో వైన్‌కు కొదవ లేదు, పండ్లకు లేదు, ఆల్ప్స్ నిండా మంచుకూ లేదు. ఈ మూడింటినీ ఒక గిన్నెలోకి చేర్చాలన్న ఊహే వాళ్ళకు చాలాకాలం రాలేదు.

రోమన్ల మాటేమిటని మీరు అడగవచ్చు. నిజమే, వాళ్ళు మంచును జల్లెడలో పోసి, దాని మీదుగా వైన్ వంపుకుని తాగారు. నీళ్ళు మరగబెట్టి, గాజుపాత్రలో పోసి, ఆ పాత్రను మంచులో పెట్టి చల్లార్చుకోవడం నీరో చక్రవర్తి కనిపెట్టాడని ప్లినీ రాశాడు. ఈ మంచు సరదాను తిట్టిపోసినవాడు సెనెకా. అయితే అదంతా మంచుతో చల్లబరచడం వరకే. పాత్రలో ఉన్నదాన్ని గడ్డకట్టించడం వేరే విద్య. ఆ రెండింటికీ మధ్య దాదాపు పదిహేను వందల ఏళ్ళ దూరం ఉంది.

1540ల చివర ఫ్రాన్స్ నుంచి పియెర్ బెలోన్ అనే ప్రకృతి పరిశోధకుడు ఉస్మానియా సామ్రాజ్యంలో తిరిగాడు. మొక్కలూ చేపలూ చూడటానికి బయల్దేరిన మనిషి అంగళ్ళనూ వదల్లేదు. 1553లో అచ్చయిన ఆయన పుస్తకంలో ఇస్తాంబుల్ షర్బత్ అమ్మేవాళ్ళున్నారు. అత్తిపండ్లతో ఒకటి, రేగుజాతి పండ్లతో మరొకటి, ఆప్రికాట్, ద్రాక్ష, తేనె, ఇలా రకరకాలు. అడిగినవాడికి అడిగిన షర్బత్‌లో మంచు ముక్క వేసి ఇస్తారు. ఆ మంచు బుర్సా దగ్గరి ఉలుదాగ్ కొండ నుంచి కంబళ్ళలో చుట్టుకుని వచ్చేది. ఐరోపా యాత్రికుడికి అక్కడ వింతగా తోచింది మంచు కాదు. అది సామాన్యుడి చేతికి, వీధిలో, చిల్లర డబ్బులకు దొరకడం.

ఆ శతాబ్దంలోనే షర్బత్ అనే మాట ఇటలీ చేరింది. తురుష్కుల నోట 'షెర్బెత్' అయినది ఇటాలియన్ల నోట 'సోర్బెత్తో' అయింది. చప్పరించడానికి వాళ్ళ భాషలో 'సోర్బిరె' అనే మాట ముందే ఉంది కాబట్టి కొత్త మాట ఇంట్లో పిల్లలా కలిసిపోయింది. ఫ్రెంచివాళ్ళు దాన్ని 'సోర్బే' చేసుకున్నారు. సిరప్ అన్నదీ ఈ ధాతువు నుంచే.

ఇక్కడ రెండు పిట్టకథలను తోసెయ్యాలి. మార్కోపోలో చైనా నుంచి ఐస్‌క్రీమ్ తెచ్చాడనేది ఒకటి. కత్రీన్ ద మెదిచీ 1533లో పెళ్ళికూతురై ఫ్రాన్స్ వెళ్తూ ఇటలీ వంటవాళ్ళనూ సోర్బే చేసే కిటుకునూ వెంట తీసుకెళ్ళిందనేది మరొకటి. ఆ కాలపు పత్రాల్లో ఈ రెండింటికీ ఆధారం లేదు. రాణులూ యాత్రికులూ లేనిదే వంటలు ప్రయాణం చెయ్యవని నమ్మేవాళ్ళు తరవాతి కాలంలో అల్లుకున్నవి. నిజానికి వంటలను మోసేది ఓడల్లో బతుకుతెరువు వెతుక్కునేవాళ్ళు. వాళ్ళ పేర్లు ఎవరూ రాసిపెట్టరు.

మన కథలో మొదటి గడ్డకట్టిన వైన్ నేపుల్స్‌లో, వంటింట్లో కాదు, ఒక మాయల పుస్తకంలో కనిపిస్తుంది. జాంబత్తిస్తా దెల్లా పోర్తా నేపుల్స్ వాడు. అద్దాలు, అయస్కాంతాలు, రహస్యలిపి, మూలికలు, నాటకాలు, ఆయన చెయ్యి పెట్టనిది లేదు. 'మాజియా నాచురాలిస్' అంటే ప్రకృతి మాయాజాలం అనే గ్రంథాన్ని 1558లో నాలుగు భాగాలుగా అచ్చువేసి, పెంచి పెంచి 1589లో ఇరవై భాగాలు చేశాడు. అందులో ఒక చోట, వేసవి విందుల్లో అందరూ కోరేది మంచంత చల్లని వైన్ అంటూ మొదలుపెట్టి పద్ధతి చెప్తాడు. సీసాలో వైన్ పొయ్యాలి. త్వరగా గడ్డకట్టడానికి కాసిని నీళ్ళు కలపాలి. చెక్క తొట్టిలో మంచు పోసి, దాని మీద దంచిన సురేకారం చల్లాలి. సురేకారం లేకపోతే దాన్ని శుద్ధి చేయగా మిగిలిన మడ్డి అయినా సరే. సీసాను ఆ మంచులో తిప్పుతూ ఉంటే లోపలి వైన్ మెల్లగా గట్టిపడుతుంది. అప్పుడు గాలితో పాటు జుర్రుకుంటే తప్ప నోట్లోకి రాదట.

ఈ వాక్యం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. చిక్కేమిటంటే, స్వచ్ఛమైన సురేకారం మంచులో కలిస్తే చలి సున్నాకు కింద మూడు డిగ్రీల దగ్గరే ఆగిపోతుంది. పన్నెండు శాతం మద్యం ఉన్న వైన్ గడ్డకట్టడం మొదలుపెట్టేదే సున్నాకు ఐదు డిగ్రీల కింద. నీళ్ళు కలిపి పలచన చేశాక కూడా వ్యవహారం బొటాబొటీగా ఉంటుంది. మరి దెల్లా పోర్తా సీసాలో వైన్ ఎలా గట్టిపడింది? నా ఊహ ఆ మడ్డి మీదికే పోతుంది. సురేకారాన్ని శుద్ధి చేసినప్పుడు వెనక మిగిలేదాంట్లో చాలామటుకు మామూలు ఉప్పే. ఉప్పూ మంచూ కలిస్తే మైనస్ ఇరవై ఒకటి దాకా దిగుతుంది. తుపాకిమందుకు పనికొచ్చే ఖరీదైన సరుకుకు పేరొచ్చింది, పారెయ్యాల్సిన ఉప్పు పని చేసింది.

మా చిన్నప్పుడు పెళ్ళిళ్ళలో ఐస్‌క్రీమ్ చేసే చెక్క బకెట్ చూసినవాళ్ళకు ఇది కొత్త సంగతి కాదు. మధ్యలో రేకు డబ్బా, చుట్టూ ఐసు గడ్డలూ కల్లుప్పూ, పైన తిప్పడానికి పిడి. మేం వంతులేసుకుని తిప్పేవాళ్ళం. ఉప్పు వేస్తే ఐసు కరిగిపోతుంది కదా, మరి చల్లదనం ఎలా పెరుగుతుంది అని వంటాయన్ని అడిగితే, 'కరగడానికి అది వేడి తాగాలి. ఆ వేడి డబ్బాలోంచి తాగుద్ది' అన్నాడు. భౌతికశాస్త్రం పాఠంలో నాకు అంతకంటే బాగా ఎవరూ చెప్పలేదు.

దెల్లా పోర్తా తరవాత నూరేళ్ళకు ఆ మాయ నేపుల్స్‌లో వీధి సరుకైపోయింది. అప్పుడు ఆ నగరం స్పెయిన్ ఏలుబడిలో ఉంది. అక్కడి ఒక స్పెయిన్ అధికారి ఇంటి విందు వ్యవహారాలు చూసే ఆంతోనియో లతీనీ 1692లోనూ 1694లోనూ రెండు సంపుటాల వంటపుస్తకం తెచ్చాడు. ఇటలీ వంటలో టొమాటో సాస్ మొదట అచ్చులో కనిపించేది ఆ పుస్తకంలోనే. అది మరో ధారావాహికకు సరిపడే సంగతి. సోర్బెత్తోల గురించి లతీనీ వినయంగానే మాట్లాడతాడు. నేపుల్స్‌లో పుట్టిన ప్రతివాడూ ఈ విద్యతోనే పుడతాడనిపిస్తుంది, వాళ్ళకు నేను చెప్పేదేముంది అంటూనే నిమ్మ, స్ట్రాబెర్రీ, పుల్లచెర్రీ, దాల్చినచెక్క, చాక్లెట్, పాలు, ఇన్నిటితో కొలతలు రాశాడు. గట్టి రాయిలా కాకుండా చక్కెర కలిసిన మంచులా ఉండాలన్నది అక్కడి రుచి.

ఆ మంచు కోసం ఎంత ఆరాటమో 1770లో సిసిలీ వెళ్ళిన స్కాట్లాండ్ యాత్రికుడు పాట్రిక్ బ్రైడన్ రాశాడు. ఎత్నా అగ్నిపర్వతం మీది మంచు అమ్మకంతో కతానియా బిషప్పుకు మంచి రాబడి ఉండేదట. తిండిగింజలకో వైన్‌కో కరువొస్తే తట్టుకుంటాం గాని మంచుకు కరువొస్తే తట్టుకోలేం అని ఊరివాళ్ళు ఆయనతో అన్నారట. కొండ లోపల నిప్పు, కొండ మీద వ్యాపారం.

ఇక మన తీరానికి రావాలి. ఈ కథలో సగం వాటా మనది.

1611లో 'గ్లోబ్' అనే ఇంగ్లీషు ఓడ కోరమాండల్ తీరానికి వచ్చింది. పెద్దపల్లిలో ఆగి, తరవాత మచిలీపట్నం చేరింది. పెద్దపల్లి అంటే తెలంగాణలోది కాదు. కృష్ణా సముద్రంలో కలిసే చోటికి పడమటగా ఉన్న నేటి నిజాంపట్నం. ఇంగ్లీషువాళ్ళ నోట అది 'పెట్టపోలి' అయింది. ఊరు గోల్కొండ సుల్తానులది, గోల్కొండలో అప్పటికి మహమ్మద్ కులీ కుతుబ్ షా ఇంకా బతికే ఉన్నాడు. బట్టల బేరానికి అక్కడొక కొఠీ వెలిసింది. ఇరవై ఒక్క ఏళ్ళ తరవాత, 1632లో, ఈస్టిండియా కంపెనీ కొలువులో ఉన్న రాబర్ట్ ఆడమ్స్ ఆ కొఠీలోని థామస్ కోలీ అనే వర్తకుడికి ఉత్తరం రాశాడు. మంచి తోడు దొరికిందటగా, ఇద్దరూ కలిసి హాయిగా ఉండండి అంటూ 'పంచ్' గురించి ఒక ముక్క కలిపాడు. లెక్కా కొలతా పెట్టుకోకుండా తాగమన్నాడో, అసలే ముట్టుకోవద్దన్నాడో, ఆ కాలపు ఇంగ్లీషులో రెండు రకాలుగానూ చదువుకోవచ్చు. స్నేహితుల ఉత్తరం కాబట్టి నేను మొదటి అర్థం వైపే మొగ్గుతాను. ఏమైనా, పంచ్ అనే మాటకు ఇంగ్లీషులో దొరికిన మొట్టమొదటి రాతసాక్ష్యం అదే. చిరునామా మన పాత గుంటూరు జిల్లా తీరానిది.

పంచ్ అంటే ఏమిటి? 1670ల్లో మచిలీపట్నంలో దిగి, తరవాత పడమటి తీరమంతా తిరిగిన కంపెనీ వైద్యుడు జాన్ ఫ్రయర్, హిందుస్తానీలో 'పాంచ్' అంటే అయిదు, అయిదు వస్తువులు పడతాయి కనుక ఆ పేరు అన్నాడు. సారా, నిమ్మరసం, చక్కెర, నీళ్ళు, సుగంధద్రవ్యం. వినడానికి ముచ్చటగా ఉంది. కాని 1638లో సూరతులో ఉన్న జర్మన్ యాత్రికుడు మాండెల్‌స్లో లెక్కపెట్టినవి నాలుగే, అందులో ఒకటి గులాబీనీరు. అంచేత అది అయిదు కాదు, పీపాకు ఇంగ్లీషులో ఉన్న 'పంచియన్' అనే పేరు నుంచి వచ్చిందని వాదించే పండితులూ ఉన్నారు. వంటింట్లో తిరిగినవాళ్ళకు ఈ తగాదా కాస్త నవ్వొస్తుంది. పంచామృతంలో అయిదున్నా అరటిపండు ముక్కలు వేసి ఆరు చేసుకునే జాతి మనది.

ఆ జాబితాలోంచి సారా తీసేసి మిగిలినది చూడండి. నిమ్మ, చక్కెర, నీళ్ళు, సుగంధద్రవ్యం. అచ్చమైన షర్బత్. ఇంకో అడుగేస్తే శ్రీరామనవమి పందిట్లో పోసే పానకానికి వరసకు తమ్ముడవుతుంది. తన దేశపు బీరు ఎండకు పులిసిపోయి, వైన్ ఖరీదై చిక్కులో పడ్డ ఇంగ్లీషు గుమాస్తా, ఊళ్ళో దొరికే సారాను ఊళ్ళో దొరికే షర్బత్‌లో కలిపాడు. విడిపోయిన అన్నదమ్ములను ఇక్కడ కలిపినవాడు పాదుషా కాదు, ఒంటరితనంతో విసిగిన కంపెనీ నౌకరు.

ఓడలతో పాటు పంచ్ లండన్ చేరింది. తూరుపు సారా అక్కడ ఖరీదు. కరీబియన్ దీవుల బానిసల చెమటతో తయారయ్యే రమ్ చౌక. గిన్నెలో సారా పోయి రమ్ వచ్చింది, నిమ్మా చక్కెరా ఉండిపోయాయి. అటు పారిస్‌లో సిసిలీ నుంచి వచ్చిన ప్రోకోపియో పేరుతో 1686లో వెలిసిన కాఫీ అంగడి సోర్బేలకు పేరు తెచ్చుకుంది. ఈ రెండు దారులూ తరవాత ఒకచోట కలిశాయి. నిమ్మ సోర్బేలో వైన్, దాని మీద రమ్, కొట్టిన గుడ్డు తెల్లసొన నురుగు, ఇది 'పంచ్ ఆ లా రొమేన్', అంటే రోమన్ పంచ్. పేరులో రోమ్ ఉంది గాని అందులో రోమ్‌ది ఏమీ లేదు. పంతొమ్మిదో శతాబ్దపు పెద్ద విందుల్లో మాంసం వంటకాలకూ వేటపక్షుల వేపుడుకూ మధ్య, నాలుక తేరుకోవడానికి, చిన్న గాజు గిన్నెలో దీన్ని పెట్టేవాళ్ళు.

ఇందులో నాకు బాగా నచ్చిన ఘట్టం వాషింగ్టన్‌లో జరిగింది. 1877 నుంచి 1881 దాకా అమెరికా అధ్యక్షుడిగా ఉన్న రూథర్‌ఫర్డ్ హేస్ అధ్యక్ష భవనంలో మద్యం మానిపించాడు. అయినా విందు మధ్యలో నారింజ డొప్పల్లో గడ్డకట్టిన పంచ్ వచ్చేది. రమ్ వాసన గుప్పుమనేది. వంటవాడు జాలిపడి చాటుగా పోస్తున్నాడని అతిథులు మురిసిపోయి ఆ వంటకానికి 'ప్రాణరక్షణ కేంద్రం' అని పేరు పెట్టారు. ఆ తరవాత హేస్ డైరీలో రాసుకున్నాడు: అందులో రమ్ చుక్క కూడా లేదు, రమ్ వాసన వచ్చే సారం మాత్రమే. అంటే తమ్ముడు అన్న చొక్కా తొడుక్కుని వచ్చాడు, ఎవరూ గుర్తుపట్టలేదు.

రోమన్ పంచ్ చేసే విధానం 1903లో ఫ్రెంచి వంటవాడు ఎస్కోఫియే గ్రంథంలో స్థిరపడింది. చక్కెర పాకాన్ని తెల్ల వైన్‌తో గాని షాంపేన్‌తో గాని పలచన చెయ్యాలి. రెండు నారింజలు, మూడు నిమ్మకాయల రసం పిండి, కాస్త తొక్క వేసి గంటసేపు ఊరనివ్వాలి. వడకట్టి గట్టిపడేదాకా తిప్పాలి. వేడి పాకం పోసి గిలకొట్టిన తెల్లసొన నురుగు పావువంతు కలపాలి. వడ్డించే ముందు కొంచెం కొంచెంగా రమ్ పొయ్యాలి. ఆ చివరి మాటలో కిటుకంతా ఉంది. చక్కెరా మద్యమూ రెండూ గడ్డకట్టనివ్వవు. రమ్‌ను మొదట్లోనే పోస్తే ఎంత తిప్పినా ముద్ద కాదు, నీళ్ళలా ఆడుతుంది. అందుకే పాత వంటవాళ్ళు పాకం చిక్కదనాన్ని నాలుకతో కాకుండా తేలుడు గొట్టంతో కొలిచేవాళ్ళు.

మొన్న మార్చిలో మా ఇంట్లో చేసి చూశాను. నారింజల బదులు బత్తాయిలు. ఒక గిన్నెలో తెల్ల వైన్, ఇంకోదాంట్లో పెద్దవాళ్ళ కోసం తెల్లద్రాక్ష రసం. తిప్పే యంత్రం లేదు కాబట్టి వెడల్పాటి పళ్ళెంలో పోసి ఫ్రీజర్‌లో పెట్టి, అరగంటకోసారి ఫోర్కుతో గీకాను. ద్రాక్షరసం పళ్ళెం మూడు గంటల్లో పలకలా బిగిసింది. వైన్ పళ్ళెం రాత్రయినా తడి ఇసుకలాగే ఉంది. దెల్లా పోర్తా చెప్పిన జుర్రుకునే వైన్ అంటే ఇదేనని అప్పుడు తెలిసింది. మా పెద్దమ్మ ద్రాక్షరసం గిన్నె తీసుకుని రెండు చెంచాలు తిని, 'బానే ఉంది గానీ, మిరియాలెందుకు వెయ్యలేదే?' అంది. ఫ్రయర్ అయిదో వస్తువు గురించి ఆమెకు ఎవరూ చెప్పలేదు. తరవాతి పళ్ళెంలో నాలుగు మిరియాలు దంచి వేశాను. ఎస్కోఫియే ఒప్పుకునేవాడు కాదేమో. నాకైతే అలాగే బాగుంది.

1912 ఏప్రిల్ 14 రాత్రి టైటానిక్ మొదటి తరగతి భోజనశాలలో పది విడతల విందు వడ్డించారు. ఆ మెనూ కార్డు మిగిలింది. ఆయిస్టర్లు, సూపు, సాల్మన్ చేప, ఫిలే మిన్యాన్, గొర్రెమాంసం, బాతు. ఏడో విడతలో పావురం పిల్లల వేపుడు. ఆ రెంటి నడుమ ఆరో విడత కింద, పక్కన ఏ వివరమూ లేకుండా, రెండే మాటలు: పంచ్ రొమేన్.

(వచ్చే భాగంలో: 1833లో బోస్టన్ నుంచి కలకత్తాకు ఓడెక్కిన చెరువు మంచు, మద్రాసు సముద్రపుటొడ్డున దాని కోసం కట్టిన ఇల్లు)